చదివి వినిపించడమైనది

మా ఊరి సొసైటీ ఆఫీసు ఒకప్పుడు మా ఇంటి కచేరీ సావిడి. గుడివాడ నుంచి సైకిలు మీద అరగంట దూరంలో ఉంది మా ఊరు. రైతులకు సహకార సంఘం ఒకటి కావాలని నాన్నగారు అధికారుల చుట్టూ తిరిగి తెచ్చారు. దానికి చోటు దొరకకపోతే మా సావిడిని రాసిచ్చారు. అప్పటికి ఇవ్వడానికి మాకు ఇంకా చాలా ఉంది. నేను చదువు ముగించి వచ్చేసరికి చేలు చేతులు మారాయి. ఇంట్లో సగం ఇంకొకరి కాపురమైంది. సావిడి మాత్రం గోడలో పొదిగిన రాతి పలక మీద నాన్నగారి పేరుతో అలాగే నిలిచి ఉంది. అందులోనే నేను సెక్రటరీగా జీతానికి చేరాను.

చేరిన రోజున చలవ పంచె కట్టుకుని బయల్దేరుతుంటే అమ్మ గుమ్మం దాకా వచ్చింది. "మనం ఇచ్చిన గదిలో మనమే కొలువుకు కూర్చుంటున్నాం. నలుగురూ చూస్తుంటారు, నిటారుగా కూర్చో" అంది. ఆ మాట నేను మరిచిపోలేదు. ఎవరైనా డైరెక్టరు లోపలికి వస్తే మర్యాదకు లేచేవాణ్ణి. కానీ వంగి నమస్కారం పెట్టడం నాకు చేతకాలేదు. అది నా పొగరని కొందరు అనుకునేవారు. అనుకోనిచ్చాను.

ప్రెసిడెంటు నాతోపాటు హైస్కూల్లో చదివినవాడు. చుట్టరికం లేదు, అయినా చిన్నప్పటి నుంచీ ఒకరినొకరం బావా అనే పిలుచుకున్నాం. వాళ్ళ నాన్న మా చేలు కౌలుకు చేసేవాడు. ఆ చేలు తరువాత వాళ్ళవే అయ్యాయి. దాని గురించి మేమిద్దరం ఎప్పుడూ ఒక్క మాట అనుకోలేదు. ఎన్నికల్లో అతను గెలిచినప్పుడు నాన్నగారి టేకు కుర్చీని నేనే తుడిపించి వేయించాను. అందులో కూర్చోవడానికి అతను మొహమాటపడితే భుజం పట్టుకుని కూర్చోబెట్టాను.

ఇప్పుడు మా సొసైటీలో పని జరిగే తీరు ఒకటి చెప్పాలి, లేకపోతే తరువాతది అర్థం కాదు. డైరెక్టర్ల మీటింగు నెలకు ఒకసారి. వాళ్ళందరూ సేద్యగాళ్ళు. నీటి వంతు మధ్యలో వదిలేసి, బురద కాళ్ళతో వచ్చేవాళ్ళు. మాట్లాడాల్సింది గబగబా మాట్లాడేవాళ్ళు. తీర్మానాలు పుస్తకంలో ఎక్కేదాకా కూర్చునే ఓపిక ఒక్కరికీ ఉండేది కాదు. అందుకని మినిట్సు పుస్తకంలో రాయని పేజీల అడుగున ముందే సంతకాలు పెట్టి వెళ్ళిపోయేవారు. మర్నాడు పొద్దున నేను తీరిగ్గా పైన తీర్మానాలు రాసి, "పై తీర్మానాలు సభ్యులకు చదివి వినిపించడమైనది" అని ముగించేవాణ్ణి. ఒక్కో నెల విషయాలు ఎక్కువ ఉంటాయేమోనని రెండు పేజీల మీద సంతకాలు తీసుకునేవాళ్ళం. నా సంతకం కూడా వాళ్ళతోపాటే పెట్టేసేవాణ్ణి. రెండో పేజీ అక్కర్లేకపోతే దాని మీద అడ్డంగా గీత కొట్టి రద్దు అని రాసేవాణ్ణి. నాకు ముందున్న సెక్రటరీ అలాగే చేశాడు, నేనూ అలాగే చేశాను. నేను రాసిన దాంట్లో వాళ్ళు అనని మాట ఒక్కటీ ఉండేది కాదు. తనిఖీకి వచ్చిన ఆఫీసర్లు నా దస్తూరీ మెచ్చుకుని వెళ్ళేవారు.

ఈ పద్ధతికి ఒప్పుకోని డైరెక్టరు ఒక్కడే. కాలవ అవతల వంగ, బెండ వేసుకునే పెద్దాయన. చదువు లేదు, వేలిముద్ర వేసేవాడు. రాయని కాగితం మీద వేలు పెట్టమంటే చచ్చినా పెట్టేవాడు కాదు. మర్నాడు నేను రాయడం పూర్తయ్యే వేళకు వచ్చి, తలపాగా తీసి ఒళ్ళో పెట్టుకుని, నా ఎదురుగా స్టూలు మీద కూర్చునేవాడు. మొదటి నుంచి చివరిదాకా చదివి వినిపిస్తే గానీ ఇంకు పెట్టె వైపు చెయ్యి చాచేవాడు కాదు. ఒకసారి ప్రెసిడెంటు నవ్వి, "ఏం పెద్దయ్యా, అందరి సంతకాల కన్నా నీ వేలు ఖరీదా?" అన్నాడు.

"సంతకమైతే మార్చుకోవచ్చండి. వేలు మార్చుకోలేను గదా" అన్నాడు పెద్దాయన.

నేనూ నవ్వాను. నిజం చెప్పాలంటే నాకు ఆయన విసుగు. నా మాట మీద నమ్మకం లేకనే ఇలా చేస్తున్నాడని లోపల కొంచెం గుచ్చుకునేది కూడా.

ఉప్పెన వచ్చిన ఏడు దివిసీమ సగం సముద్రంలో కలిసింది. మా వైపు నీళ్ళు రాలేదు గానీ గాలికి కోతకొచ్చిన వరి మొత్తం నేలకు పడుకుంది. ఆ నెల మీటింగు నిలబడే జరిగింది. అందరూ రెండు పేజీల మీద సంతకాలు గిలికి చేలకు పరుగెత్తారు. నాకు ఒక పేజీ సరిపోయింది. పెద్దాయన మర్నాడు వచ్చి ఆ పేజీ విని వేలు వేశాడు. వెంటనే నేనూ ప్రెసిడెంటూ పడిపోయిన చేలు చూడ్డానికి బయల్దేరాం. రెండో పేజీ కొట్టివేయడం మరిచిపోయాను. నెల తరువాత పుస్తకం తీస్తే కనిపించింది. పక్కన ప్రెసిడెంటు ఉంటే చూపించాను కూడా. "నీ పుస్తకం నీ బీరువాలోనే ఉంటది గదా బావా, పోయేదేముంది" అన్నాడు. కొట్టేద్దామని కలం తీశాను. ఇంతలో ఎవరో ఎరువుల కోసం వచ్చారు. లేచాను. మళ్ళీ ఆ పేజీ సంగతి నాకు గుర్తు రాలేదు.

మరుసటి ఎండాకాలం బందరు నుంచి కాగితం వచ్చింది. జిల్లాలోని సొసైటీ సెక్రటరీలందరినీ ఒకే జాబితాలో చేర్చామనీ, ఇకమీదట ఎవరినైనా ఏ సొసైటీకైనా పంపవచ్చుననీ, నన్ను కోడూరు సొసైటీకి బదిలీ చేశామనీ దాని సారాంశం. వారం లోపల వెళ్ళి చేరాలట.

దివిసీమలోని కోడూరు పేరు చూసి నేను భయపడలేదు. అక్కడ ఎంత నష్టం జరిగిందో, మనుషులు ఎంత అవసరమో నాకు తెలుసు. వచ్చి సాయం చెయ్యమని ఒక్క మాట అడిగితే బహుశా వెళ్ళేవాణ్ణే. నాన్నగారు ఇచ్చిన గదిలోంచి నన్ను బంట్రోతు చేతి కాగితంతో కదిలించడం సహించలేకపోయాను. ఆ గది ఒక్కటే మాకు మిగిలింది. అందులో నేను కూర్చున్నంత కాలం ఆ రాతి పలక మీది పేరుకు ఊళ్ళో ఒక మనిషి ఉన్నాడు. నేను వెళ్ళిపోతే అది వట్టి రాయి.

నా కన్నా ఎక్కువ మండిపడింది ప్రెసిడెంటు. "నీ గదిలోంచి నిన్నెవడు కదుపుతాడో చూస్తాను. కోర్టుకెళ్దాం పద" అని తనే బందరులో ప్లీడరును మాట్లాడాడు. ఇద్దరం పామర్రులో బస్సు మారి వెళ్ళాం. బస్సులో ఒక్క సీటే ఖాళీగా ఉంటే నన్ను కూర్చోబెట్టి తను దారి పొడుగునా నిలబడ్డాడు. అది నాకు ఇప్పటికీ కళ్ళకు కట్టినట్టుంది. ఎందుకు నిలబడ్డాడో ఎన్ని విధాల ఆలోచించినా తేలదు.

ప్లీడరు గారు పెద్దవారు, ముక్కుపొడుం అలవాటున్నవారు. కాగితం చదివి, కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుని విషయం విడమరిచి చెప్పారు. నన్ను ఉద్యోగంలో పెట్టింది మా సంఘం. కోడూరు సంఘం వేరు, మాది వేరు. ఒక యజమాని దగ్గర పనివాణ్ణి, అతను ఒప్పుకోకుండా, ఇంకో యజమానికి అప్పగించడం చట్టప్రకారం కుదరదు. పనివాడు అనే మాటకు నేను కొంచెం సర్దుకుని కూర్చోవడం ఆయన గమనించారేమో, చట్టంలో మాట అదేనండి అన్నారు.

"ఈ జాబితాలో చేరడానికి సమ్మతి అని మీరెక్కడా రాసివ్వలేదు కదా?" అని అడిగారు.

"ఎక్కడా లేదండి."

ప్రెసిడెంటు ముందుకు వంగాడు. "అంటే, బావ ఒప్పుకున్నట్టు కాగితం ఉంటేనే పంపించగలరన్న మాట."

"ఉంటే ఇక మనకు కేసే లేదు."

"అట్టా రాసిచ్చినట్టు సంఘం తీర్మానం ఉన్నా చాలా అండీ?"

"చాలు. అలాంటిదేం లేదుగా?"

"లేదు లేదు" అన్నాడు ప్రెసిడెంటు. నా కోసం అన్ని వైపులా ఆలోచిస్తున్నాడనుకున్నాను. తిరుగు బస్సులో ఆ మాట అతనితో అన్నాను కూడా.

మున్సిఫ్ కోర్టు స్టే ఇచ్చింది. కేసు తేలేదాకా నన్ను కదపకూడదన్నారు. నేను మళ్ళీ నా బల్ల ముందు కూర్చున్నాను. ఊళ్ళో కొందరు వచ్చి చెయ్యి కలిపారు. పదిరోజులు గడిచాక ప్రెసిడెంటు వచ్చి, మినిట్సు పుస్తకం ఒకసారి చూడాలని ప్లీడరు గారు కబురు పెట్టారు, తను బందరు పనిమీద వెళ్తూ తీసుకెళ్తానన్నాడు. బీరువా తీసి చేతికిచ్చాను. అందినట్టు రాసివ్వమని అడగాలన్న ఆలోచన కూడా రాలేదు. మూడోనాడు తెచ్చి ఇచ్చాడు. అలాగే బీరువాలో పెట్టి తాళం వేశాను. బావ చేతి నుంచి వచ్చిన పుస్తకాన్ని తిరగేసి చూసుకోవడం అతన్ని అవమానించినట్టని అనుకునేవాణ్ణి అప్పట్లో.

అవతలి పక్షం కోర్టులో జవాబు దాఖలు చేసింది. దాని నకలు ప్లీడరు గారి గదిలో నిలబడి చదివాను. నేను జిల్లా జాబితాలో చేరడానికి, ఎక్కడికి బదిలీ చేసినా వెళ్ళడానికి నా ఇష్టపూర్వకంగా సమ్మతించినట్టు మా సంఘం తీర్మానం చేసిందట. తేదీ, గాలివాన వచ్చిన నెలలో మేము నిలబడి జరిపిన మీటింగుది. అడుగున డైరెక్టర్ల సంతకాలు, నా సంతకం. అన్నీ అసలైనవే. పైన రాత మాత్రం నాది కాదు, నా దస్తూరీ చూసి దిద్దినది. చివర్లో నేను రాసే వాక్యం కూడా వదలకుండా దింపారు: పై తీర్మానం సభ్యులకు చదివి వినిపించడమైనది. ఇదంతా నిజమని ప్రమాణపత్రం మీద సంతకం చేసింది ప్రెసిడెంటు.

"మీతో వచ్చినాయనే కదూ?" అన్నారు ప్లీడరు గారు. పుస్తకం చూస్తానని తను ఎవరికీ కబురు పెట్టలేదని కూడా చెప్పారు.

బస్సు దిగి నేరుగా అతని ఇంటికి వెళ్ళాను. ఇంట్లో లేడని, చేనికి వెళ్ళాడని చెప్పించాడు. అతని చెప్పులు గుమ్మంలోనే ఉన్నాయి. వాటిని చూసి వెనక్కి వచ్చేశాను. నా స్థానంలోకి అతని అల్లుడు రాబోతున్నాడని ఆ సాయంత్రం అమ్మ చెప్పింది. అమ్మకు ఆ సంగతి రేవులో బట్టలుతికే వాళ్ళ దగ్గర తెలిసిందట. ఊరందరికీ తెలుసు, నాకు తప్ప.

రెండు రోజులకు పెద్దాయన మా ఇంటికి వచ్చాడు. అరుగు కింద నిలబడే అడిగాడు.

"ఆ కాగితం మీద నా వేలు ఉందాండీ?"

ఆలోచించాను. నకల్లో ఆయన పేరు ఎక్కడా లేదు.

"లేదు."

"ఎందుకుంటది. మీరు నాకు చదవందే నేను వెయ్యను గదా. ఆ రోజు నేనున్నాను, మర్నాడూ వచ్చాను. మీరు చదివింది ఒక్క పేజీ. బందరు వచ్చి ఆ ముక్క చెబుతాను."

నేను ఆయన్ని లోపలికి రమ్మని కుర్చీ వేశాను. ఇన్నేళ్ళలో అదే మొదటిసారి. ఆయన కూర్చోలేదు.

ఈ సంగతి విని ప్లీడరు గారి ముఖం వెలిగింది. మీటింగులో ఉన్న డైరెక్టరు వేలిముద్ర ఆ ఒక్క పేజీలోనే లేకపోవడం పెద్ద ఆధారమన్నారు. అయితే నేను ఒక మాట చెప్పాల్సి ఉంటుందన్నారు. గాలివాన హడావుడిలో ఆ ఒక్కసారి మాత్రమే ఖాళీ పేజీ మీద సంతకాలు తీసుకున్నానని, ఎప్పుడూ అలా చేయలేదని.

"ఎప్పుడూ అలాగే చేశానండి."

"తెలుసు. అన్ని సొసైటీల్లోనూ అంతే. మీరు మాత్రం ఆ ఒక్కసారే అనండి. మొత్తం పుస్తకం అలాంటిదే అని మీరే ఒప్పుకుంటే, తప్పుడు పుస్తకం రాసిన మనిషికి కోర్టు ఎందుకు సాయం చేయాలి?"

ఇంటికి వచ్చి ఆ మాట ఎన్నిసార్లు పలికి చూసుకున్నానో. ఆ ఒక్కసారే. పెద్ద మాటేం కాదు. అది అంటే గది నాకు దక్కుతుంది.

వాయిదా రోజున కోర్టు వరండాలో జనం కిటకిటలాడుతున్నారు. పెద్దాయన ఉతికిన చొక్కా తొడుక్కుని గోడవారగా నిలబడ్డాడు. ప్రెసిడెంటు అల్లుణ్ణి వెంటబెట్టుకుని అటు చివర ఉన్నాడు. నా వైపు చూడలేదు. మున్సిఫ్ గారు చిన్న వయసువారు. పుస్తకం తెప్పించుకుని చాలాసేపు తిరగేశారు. ఆ పేజీ ఒక్కటే చూస్తారనుకున్నాం. వెనక్కి, ముందుకు, ఏళ్ళ తరబడి పేజీలు తిప్పుతూ పోయారు. తరువాత ప్లీడర్లిద్దరినీ ఆగమని నన్నే పిలిచారు.

"ప్రతి పేజీ కింద చదివి వినిపించడమైనది అని మీ చేతిరాతతో ఉంది. చదివి వినిపించేవారా?"

ప్లీడరు గారు పక్కనుంచి దగ్గారు. నాకు నేర్పిన మాట నోటి చివరిదాకా వచ్చింది. కిటికీలోంచి పెద్దాయన తలపాగా కనిపిస్తోంది. తలుపు దగ్గర ప్రెసిడెంటు నన్నే చూస్తున్నాడు. అబద్ధం ఆడతానని అతను ఎదురుచూస్తున్నట్టు నాకు అనిపించింది. అది నా ఊహే కావచ్చు. కానీ ఆ కళ్ళ ముందు నేను ఆ మాట అనలేకపోయాను.

"ఒక్కరికి వినిపించేవాణ్ణండి" అన్నాను.

"మిగతావారికి?"

"వాళ్ళు ముందే సంతకం పెట్టి వెళ్ళేవారు."

"అన్నిసార్లూనా?"

"అన్నిసార్లూ."

ఆయన కలం కింద పెట్టి నా వైపు చూశారు. ఆ చూపులో కోపం లేదు. ఈ పేజీ మీద తనకూ అనుమానం ఉందన్నారు. కానీ ఏళ్ళ తరబడి జరగని దాన్ని జరిగినట్టు రాసి సంతకం పెట్టిన సెక్రటరీ, ఆ పద్ధతి వల్లే తనకు నష్టం కలిగిందని కోర్టును ఆశ్రయిస్తే స్టే కొనసాగించడం సాధ్యం కాదన్నారు. అసలు దావా నడుపుకోవచ్చు, ఈలోగా వెళ్ళి చేరమన్నారు. పెద్దాయన్ని పిలవాల్సిన అవసరమే రాలేదు.

వరండాలోకి వచ్చేసరికి ప్రెసిడెంటు ఎదురుగా ఉన్నాడు. తప్పించుకోవడానికి చోటు లేదు.

"నా మీద కోపం పెట్టుకోబాక బావా" అన్నాడు. "ఖాళీ పేజీ మీద నా చేత సంతకం పెట్టించింది నువ్వే. ఇన్నేళ్ళు నువ్వేం రాస్తే దానికి నేను అవునన్నాను. ఒక్కసారి నేను రాశాను."

"నేను మీరు అన్నదే రాశాను" అన్నాను.

"మీరా?" అన్నాడు. నవ్వబోయాడు గానీ నవ్వు రాలేదు. అల్లుడు చెయ్యి పట్టుకుని లాగాడు.

పెద్దాయనకు జరిగింది చెబితే నమ్మలేకపోయాడు. తనను పిలవకుండానే ఎలా తేల్చారని రెండుసార్లు అడిగాడు. పామర్రులో బస్సు మారేటప్పుడు, "అందరికీ ఒకేసారి చదివేస్తే మీకూ పని తగ్గేది గదండీ" అన్నాడు. తప్పు పట్టినట్టు అనలేదు. తరువాతి ఎన్నికల్లో ఆయన్ని డైరెక్టరుగా ఉండనివ్వలేదు.

దావా నేను కొనసాగించలేదు. పుస్తకం మొత్తం బయటికి రావడం అవతలివాళ్ళకూ ఇష్టం లేదు కనుక నా మీద వేరే చర్యలూ తీసుకోలేదు. తాళాలు అల్లుడికి అప్పగించి, ఏవి అప్పగించానో వరసగా రాసి, పైకి చదివి, అతని చేత సంతకం చేయించుకున్నాను. పలక మీది పేరు వైపు చూడకుండా బయటికి వచ్చాను.

కోడూరు సొసైటీ గోడల మీద నా భుజాల ఎత్తున ఉప్పునీటి చార ఇంకా ఉంది. పాత పుస్తకాలు ఒక్కటీ మిగల్లేదు. కొత్త మినిట్సు పుస్తకం మొదటి పేజీ తెరిచి పెట్టుకుని డైరెక్టర్లను పిలిచాను. మాట్లాడటం అయిపోగానే, వాళ్ళలో పెద్దరైతు కలం తీసి పేజీ అడుగుకు వంగాడు.

"సంతకం ఎక్కడ పెట్టమంటారండీ సెక్రటరీ గారూ?"

"ఇంకా రాయలేదండి. కూర్చోండి."

"మీరు రాసుకోండి తరువాత. మాకు అవతల పనుంది."

"చదివి వినిపిస్తాను. కూర్చోండి."

పాత సెక్రటరీ ఇలా చేసేవాడు కాదని ఒకరన్నారు. ఇద్దరు లేచి వెళ్ళిపోయారు. మిగిలినవాళ్ళు గొణుగుతూ కూర్చున్నారు. నేను రాసి, నిలబడి, మొదటి నుంచి చివరిదాకా చదివాను. ఒకచోట నేను తప్పు విన్నానని ఒక రైతు దిద్దించాడు. దిద్ది మళ్ళీ చదివాను.

నెల గడిచాక ప్రెసిడెంటు దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. "బావా, క్షేమం" అని మొదలుపెట్టాడు. ఎరువుల స్టాకు పుస్తకం ఎక్కడుందో అల్లుడికి తెలియడం లేదట, చెప్పమన్నాడు. ఇంకో మాట లేదు. బల్ల ఎడమ సొరుగులో, అప్పగింత కాగితంలో ఏడో వరసలో రాసి ఉన్నట్టే, ఉందని జవాబు రాశాను. పైన ఏమని పిలవాలో చాలాసేపు ఆలోచించాను. చివరికి "ప్రెసిడెంటు గారికి" అని రాశాను. పోస్టులో వేసే ముందు ఒకసారి పైకి చదువుకుని సంతకం పెట్టాను.